ఎక్కాల్లా నేర్పిన ఫ్రెంచి

కరీంనగర్‌లో ఒక మేడ మీది గదిలో, కెనడా పోవాలనుకునేవాళ్లకు ఫ్రెంచి చెబుతాను. మా దగ్గర చదివిన ఒక నర్సు భయపడి పరీక్ష తప్పిందని అందరూ అనుకుంటున్నారు. అది నిజం కాదు.

ఆమెది మంథని; సుల్తానాబాద్ మీదుగా రోజూ బస్సులో కరీంనగర్ ఆసుపత్రికి వచ్చేది. భర్త దుబాయిలో ఉంటాడు, రెండేళ్లకోసారి వస్తాడు. ఈ పరీక్ష గట్టెక్కితే ఇద్దరూ పాపతో కెనడాలో ఒకచోట ఉండొచ్చు. డ్యూటీ దిగి, మందుల వాసనతోనే క్లాసుకు వచ్చేది.

ఫ్రెంచిలో కొన్ని క్రియల భూతకాల రూపాలు ఏ సూత్రానికీ లొంగవు. వాటిని నేను ఎక్కాల్లా పాడించేవాణ్ని: అవ్వార్–యు, ఎత్ర్–ఎతే, ఫేర్–ఫే... కింద చాయ్ హోటల్ అతనికి కూడా సగం వచ్చేసింది.

పరీక్షకు ముందురోజు మధ్యాహ్నం అందరి ముందు ఆమెను నిలబెట్టి, "నిన్న ఆసుపత్రికి ఎలా వెళ్లారు?" అని ఫ్రెంచిలో అడిగాను. బస్సులో అని చెప్పాలి. ఫ్రెంచివాళ్లు బస్సును 'తీసుకుంటారు'. ఆ క్రియ నా వరుసలో బాగా కింద ఉంది. ఆమె పెదవులు కదులుతున్నాయి, మాట రావడం లేదు. మొదటి నుంచి పాడుకుంటూ దిగుతోందని నాకు అర్థమైంది.

"అక్కా, బస్సు ఇంక సుల్తానాబాద్ దాటలేదా ఏంది?" అన్నాడు వెనక బెంచీలో ఒకతను. గదంతా నవ్వింది.

చివరికి ఆ మాట దొరికింది. కొంగుతో చెమట తుడుచుకుంది.

మెట్ల దగ్గర ఆగి అడిగింది: "సార్, రేపు మాట యాదికి రాకుంటె తప్పో ఒప్పో మాట్లాడాల్నా? సరైంది దొరికేదాంక ఆగాల్నా?"

మాట్లాడాలి. ఆగితే సమయం పోతుంది. అది నాకు తెలుసు. కానీ ఆమె నోట తప్పు వస్తే పోయేది నా పరువేననిపించింది.

"ఆగమ్మా. తప్పు మాత్రం మాట్లాడకు," అన్నాను.

హైదరాబాద్‌లో, పరీక్షలో మాట గుర్తురాక ఆమె ఆగింది. పరీక్ష పెట్టేవారు మళ్లీ అడిగి చూసి, తర్వాతి ప్రశ్నకు వెళ్లిపోయారట. ఇక కోలుకోలేకపోయింది. ఫలితం వచ్చిన రోజు "పాపం, భయపడింది" అని క్లాసులో మొదట అన్నది నేనే.

మొన్న ఆమెకు ఫోన్ చేసి, తప్పు నాదని చెప్పాను.

"మా ఆయన గూడ గదే అంటుండు సార్, నాకు ధైర్యం లేదని. ఇంకోసారి రాయొద్దంటుండు. నాకు చెప్తె ఏం లాభం? ఆయనకు చెప్పున్రి."

నంబరు పంపింది. వెంటనే చేశాను. ఎత్తలేదు. మళ్లీ చేశాను.

"ఎవలు?" అన్నాడు.

"మీ భార్యకు ఫ్రెంచి చెప్పిన సారును," అని మొదలుపెట్టాను.