కోటేశ్వరరావు గారు పూచీపడ్డ మాట

మా కళాశాల వ్యాయామ గురువు, కబడ్డీ జట్టును తీర్చిదిద్దిన కోటేశ్వరరావు గారు పరమపదించారన్న వార్త సోమవారం పొద్దున ఆఫీసుకు ఫోనులో వచ్చింది. గుండెపోటు, ఆస్పత్రికి తీసుకెళ్లేలోపే ప్రాణం పోయిందన్నారు. నిర్ఘాంతపోయాను. ఆ వెంటనే నాలో మరొకటి కూడా జరిగింది. దాన్ని దాచిపెట్టి ఈ వ్యాసం రాయలేను. ఇక ఆయన ఎదుటపడాల్సిన పని లేదు కదా అని మనసు ఒక్క క్షణం తేలికపడింది. గురువు మరణవార్త విని తేలికపడ్డ శిష్యుణ్ణి నేను. ప్రియశిష్యుణ్ణని సంస్మరణ సంచికకు నన్నే రాయమన్నారు.

చూడ్డానికి ఆయన ఆజానుబాహువేమీ కాదు. పొట్టి మనిషి, కాస్త బొజ్జ కూడా. కంఠం మాత్రం మైదానం దాటి గుంటూరు రోడ్డు మీద పోయేవాళ్లను ఉలిక్కిపడేలా చేసేది. తెల్లారకుండానే నానబెట్టిన శనగలు క్యారేజీలో తెచ్చి మా దోసిళ్లలో పోసేవారు. ఆట ముగిశాక బక్కెట్టు నీళ్లు పక్కన పెట్టుకుని, చీరుకుపోయిన మా మోకాళ్లు స్వహస్తాలతో కడిగేవారు. మేమే కడుక్కుంటాం సార్ అంటే, "మీకంత ఓపిక లేదులే, కాలు చాపరా" అనేవారు.

ఆయన సత్యనిష్ఠ జిల్లాలో సామెతలాంటిది. "పాయింటు రెఫరీ ఇస్తాడ్రా. ఔటు మాత్రం మనమే తీసుకోవాలి" అన్నది ఆయన నిత్యపారాయణం. కూతకొచ్చినవాడి చెయ్యి తగిలితే, ఎవరూ చూడకపోయినా సరే, మా జట్టువాడు చెయ్యెత్తి బయటికి రావాల్సిందే. ఒకసారి చీరాలలో రెఫరీ రాకపోతే ఇరుపక్షాలూ ఆయన్నే విజిలు పట్టమన్నాయి. ఆయన మా కెప్టెన్‌నే ఔటిచ్చి మమ్మల్ని ఓడించారు. తిరుగు ప్రయాణంలో బస్సులో ఆయన పక్కన ఒక్కడూ కూర్చోలేదు. కాళ్లు చాపుకోవడానికి చోటు దొరికిందని ఆయన హాయిగా నిద్రపోయారు. మర్నాడు శనగలు యథాప్రకారం వచ్చాయి.

తొంభైల చివర, నా డిగ్రీ ఆఖరి ఏడాది, మా జట్టు ఆ సీజనంతా ఓటమి ఎరగకుండా ఆడి ఒంగోలులో ఫైనలుకు చేరింది. అది మిరపకోతల కాలం. ఆ వారం మాలో ఎవరూ కల్లం వైపు కూడా చూడకూడదని ఆయన ఆజ్ఞ. కాయలు ఏరిన చేతి మంట సబ్బుకు పోదు, ఆటలో ఎవడి కంట్లోనైనా పడితే వాడి గతేమిటని ఆయన భయం. ఎదుటి జట్టుకు అలా చెప్పే దిక్కు లేదు. కూతకు వెళ్లడంలో వాళ్లలోకెల్లా దిట్ట అయిన శ్రీను, ఆ పొద్దున కూడా కల్లంలో తాలు మిరపకాయలు ఏరి అటునుంచటే బస్సెక్కి వచ్చాడట.

ఆఖరి నిమిషానికి మాది ఒక్క పాయింటు ఎక్కువ. శ్రీను కూతకొచ్చాడు. వెనుదిరుగుతూ ఒక్కసారి వంగి నా మోకాలు తాకి, గీత దాటేశాడు. తాకీ తాకనట్టే తాకాడు గానీ, చీరుకుపోయిన చోట కారం భగ్గుమంది. మావాళ్లు అడ్డం ఉండి రెఫరీకి కనపడలేదు. నేను ఔటైతే ఆట సమం. శ్రీను నా దగ్గరికొచ్చి, గొంతు పెంచకుండానే, "అన్నా, తగిలింది గదా, చెప్పు" అన్నాడు. రెఫరీ మా మాస్టారి వైపు చూశాడు. మాస్టారు నన్ను అడిగారు. తగల్లేదన్నాను. ఆయన క్షణమైనా తడుముకోకుండా రెఫరీతో, "మావాడు అబద్ధం చెప్పడండీ" అన్నారు. గెలిచాం.

తర్వాత ఎప్పట్లాగే నా మోకాలు కడిగారు. కడుగుతూ కడుగుతూ నుదుటి చెమట తుడుచుకున్నారు. కన్ను మండి నీళ్లు కారాయి. తన వేళ్లు చూసుకుని, నా మోకాలు చూశారు. మా చేతుల్లో కారం లేదని ఆయనకంటే తెలిసినవారెవరు? నేనేమైనా అంటానని కాసేపు ఆగి, కడగడం పూర్తిచేశారు. ఆయనే రెఫరీకి చెప్పొచ్చు కదా అని తర్వాత చాలా ఏళ్లు నేరం ఆయన మీదికే తోసి చూశాను. ఔటు ఎవరికి వారే తీసుకోవాలని ఆయన ఎన్నిసార్లు చెప్పారో నాకు తెలియనిదా? నాది దొంగబుద్ధి.

ఆ విజయం పుణ్యమా అని స్పోర్ట్స్ కోటాలో ఉద్యోగానికి అర్హత వచ్చింది. సర్టిఫికెట్టు మీద ఆయన సంతకం కావాలి. పెన్ను తీసి, కాగితం మీద ఆనించి, "పెట్టమంటావా?" అని అడిగారు. ఏం అడుగుతున్నారో నాకు తెలుసు. పెట్టండి సార్ అన్నాను. పెట్టారు. ఇవాళ్టికీ నేను తినే అన్నం అదే. ఆయన మాత్రం ఆ తర్వాత ఏ పోటీలోనూ విజిలు పట్టలేదు. నా చూపును ఇక నమ్మలేనండీ అనేవారట. ఆయన చూపు నిక్షేపంలా ఉండేది.

పెదకర్మకు వెళ్లాను. మాస్టారి భార్య నన్ను గుర్తుపట్టి పక్కన కూర్చోబెట్టుకున్నారు. "నీ ఊసొచ్చినప్పుడల్లా, వాడు నాకో మాట చెప్పాలి, వస్తాడులే అనేవారు నాయనా. పోయే ముందు రోజు కూడా అన్నారు. అదేం మాటో నాకు తెలవదు. ఇంతకీ వచ్చి చెప్పావా?" అని అడిగారు. లేదమ్మా అన్నాను.

కోటేశ్వరరావు గారి అస్తమయం జిల్లా క్రీడారంగానికి తీరని లోటని అందరూ రాస్తారు. అక్షరసత్యం. నా లోటు వేరు. ఎవరికి చెప్పుకుంటే నా తప్పు తీరేదో ఆ మహానుభావుడే వెళ్లిపోయారు. గురువుగారూ, ఆ రోజు తగిలింది. శ్రీను చెప్పిందే నిజం. పదేళ్లు మీరు ఎదురుచూశారు, ఊళ్లోనే ఉండి నేను రాలేదు. జీవితమంతా సత్యం తప్ప పలకని మీ నోట వచ్చిన ఒకే ఒక్క అబద్ధం నాది.