నాయినమ్మ నోట రాని పేరు

కోదాడలో మనవరాలి కొత్త తెలుగు పుస్తకం తెరిస్తే ఇంకా జిగురు వాసన పోలేదు. గీత గీసిన మాట తీసేసి, అదే అర్థమిచ్చే మరో మాట పెట్టి వాక్యం తిరగరాయాలట. పిల్ల పెన్ను కొరుకుతూ కూర్చుంది. అక్షరం ముక్క రాని మా నాయినమ్మ బతుకంతా ఈ పనే చేసింది. ఎవరూ మార్కులు వేయలేదు.

మా తాత పేరు ఉప్పలయ్య. పెనిమిటి పేరు పలికితే ఆయన ఆయుష్షు తగ్గుతుందని, ఆ పేరును గుర్తుచేసే మాట కూడా నోట రాకూడదని మా గొర్లకాపరుల ఇళ్లలో నమ్మకం. అందుకని నాయినమ్మకు ఉప్పు ‘తెల్లది’. కూర చప్పగా ఉంటే ‘రుచి’ తక్కువైందనేది. ఎండాకాలం మామిడికాయ తొక్కు పెట్టేనాడు, కారం ఘాటుకు తుమ్ముతూ, చేతులకు మెంతిపిండి అంటించుకుని అందరం జాడీ చుట్టూ చేరితే, ‘తెల్లది’ ఎంత పడాలో ఆమె చెప్పబోవడం, మేం కావాలనే “ఏందది నాయినమ్మా, ఏందది?” అని సతాయించడం, ఆమె గరిటె లేపడం, మేం వాకిట్లోకి ఉరకడం ఏటేటా జరిగేవే. ఉప్పు బండి వస్తే “ఓ తెల్లది బండాయనా, జర ఆగు!” అని కేకేసేది. అతనూ నవ్వకుండా ఆగేవాడు. అతని భార్య ఏ మాట మింగుతుందో మరి.

పెద్దగట్టు జాతరకు గరిడేపల్లి పక్కనున్న మా ఊరి నుంచి ఎడ్లబండి కట్టుకుని పోయేవాళ్లం. చలి పోయీ పోని రోజులు. గడ్డి మీద గొంగడి కప్పుకుని పడుకుంటే దారంతా ఎడ్ల గజ్జెల చప్పుడే. గుట్ట కింద డప్పుల మోత, “ఓ లింగా” అన్న కేకలు, ఉడుకుతున్న మాంసం వాసన, కళ్లు మండించే పొగ. ఒక ఏడు ఆ జనంలో తాత చెయ్యి జారిపోయింది. నేనూ నాయినమ్మా మిగిలాం. పొద్దు వాలుతోంది, బండి ఎక్కడ విప్పామో గుర్తులేదు. మమ్మల్ని వదిలి మా ఊరి బండ్లు కదిలిపోతాయని నాకు ఏడుపు. నాయినమ్మ నన్ను మైకు పందిరికి లాక్కుపోయింది.

“పెద్దమ్మా, నీ పెనిమిటి పేరు జెప్పు, పిలుస్త” అన్నాడు మైకు మనిషి.

“పేరు జెప్పుడు మాకు లేదు బిడ్డా. కూరల ఏస్తరు సూడు, తెల్లగుంటది.”

“ఎల్లిగడ్డనా?”

“నీ మొకం! గది లేకుంటే కూర కుక్క గూడ ముట్టదు.”

నన్నడిగితే “తాత” అన్నాను. ఇంట్లో ఆ పేరు పలికితే కదా నాకు తెలిసేది! చివరికి అతనికి వెలిగింది. ఆ సంబరంలో ఊరు అడగడం మరిచి, “ఉప్పలయ్యా, నీ ఇంటామె ఈడున్నది!” అని మైకులో అరిచాడు. మా వైపు ఆ పేరుకు కరువా? పొట్టివాళ్లు, పొడుగువాళ్లు, తాగి ఊగేవాళ్లు, ఉప్పలయ్యలే ఉప్పలయ్యలు. నాయినమ్మ ఒక్కొక్కరినీ ఎగాదిగా చూసి “ఈయన గాదు” అంటుంటే పందిరంతా నవ్వులు. అందరికంటే వెనక, తలపాగా ఊడి, రొప్పుతూ వచ్చాడు మా తాత.

“నలుగుట్ల నవ్వులపాలు జేస్తివి గదనే. నా పేరు జెప్తే ఏం బోతది?”

“నువ్వు బోతవ్” అంది నాయినమ్మ. అప్పటిదాకా ఆపుకున్న ఏడుపు అప్పుడు ఏడ్చింది.

నేను అక్షరాలు నేర్చింది తల నెరిశాక, మిర్యాలగూడ బియ్యం మిల్లులో పనిచేసేటప్పుడు, సాయంత్రం బడిలో. పంతులమ్మ నా భర్త పేరు అడిగింది. పలకొద్దన్నారు గాని రాయొద్దని ఎవరూ అనలేదు కదా అని పలక మీద రాసి చూపించాను. ఆయన ఇప్పటికీ రాయిలాగే ఉన్నాడు.

ఇప్పుడు నా కోడలు వంటింట్లోంచి నా కొడుకును పేరుపెట్టి పిలుస్తుంది. వాడికీ ఏం కాలేదు. మంచిదే. తొక్కు అంగట్లో కొంటున్నారు, జాడీ చుట్టూ కూర్చునేవాళ్లు లేరు. నాయినమ్మకే రాత వచ్చి ఉంటే, ఆ రోజు మైకు మనిషికి ఒక్క ముక్క రాసిచ్చి ఊరుకునేది. అంతమంది తాతలను మేం చూసేవాళ్లం కాదు.