పరదా వెనక గొంతు

డెబ్భై ఏడులో ఉప్పెన వచ్చిన మరుసటి ఏడు, నేను బందరులో డిగ్రీ చదువుతున్నాను. బర్మా యుద్ధానికి వెళ్ళొచ్చిన సిపాయిల మీద మా బావ డాక్యుమెంటరీ తీస్తుంటే మైకు పట్టుకునేవాణ్ణి.

ఆ రోజు మస్తాన్ తాతగారి వంతు. మిగిలింది ఆఖరి రీలు.

"దెబ్బతిన్న నేస్తాన్ని భుజానేసుకుని ఏరు దాటుతున్నా..." అని తాత ఆగిపోయారు. కెమెరా తిరుగుతూనే ఉంది. ఫిల్ము అయిపోతోంది. చెమటకి నా చేతిలో మైకు జారుతోంది.

పరాయి మగవాళ్ళతో ఎన్నడూ మాట్లాడని ఆయన భార్య పరదా వెనక నుంచి అందుకున్నారు.

"అతను మూలుగుతుంటే జపానువాళ్ళకి వినబడుద్దని ఈయన అతని నోరు మూశారు బాబూ. చెయ్యి తీసేసరికి ఊపిరి లేదు."

తాత తెల్లబోయారు. "నీకెవరు చెప్పారు?"

"మీరేనండీ, నిద్రలో. పెళ్ళైన కొత్తలోనే."

రీలు అయిపోయింది.

ఒకే కప్పు కింద ఇద్దరూ ఇన్నేళ్ళు విడివిడిగా మోసిన ఆ బరువు గుర్తొస్తే ఇప్పటికీ నా అరచేతులు చెమరుస్తాయి.