ఆగుడుబండలో చిక్కిన బాలయ్య

1961లో నేను టెలిఫోన్ శాఖలో లైన్ ఇన్‌స్పెక్టర్‌ని. బందరు నుంచి వచ్చి నాంపల్లిలో కాపురం పెట్టి ఎంతో కాలం కాలేదు. అబిడ్స్ దుకాణాలకు కొత్త కేబుల్ లాగే పని నాకు అప్పగించారు. దారికి అడ్డంగా ఆగుడుబండ ఉండేది.

ఇప్పటివాళ్ళు దాన్ని చూసి ఉండరు. రెండు పెద్ద గుండ్లు ఒకదానికొకటి ఆనుకుని, నడుమ మనిషి పట్టేంత సందు. ఆ సందులో కాలం నడిచేది కాదు, పాకేది; లోతుకు పోయేకొద్దీ ఇంకా నెమ్మది. బాగా లోతుకు దూరిన ఒక మేక నేను వచ్చేనాటికే ఒక కాలు ఎత్తి నిలబడి ఉంది. నేను రిటైరయ్యేనాటికి కూడా ఆ కాలు కింద పెట్టలేదు. అంతకుముందు ఎవరిదో దూడ ఇరుక్కుంటే పదిమంది కలిసి తాడు ఒక్క ఊపున గుంజారట. సగం దూడే బయటికొచ్చింది. మనం మామూలుగా లాగినా లోపలున్న ప్రాణికి అది పిడుగుపాటే.

అందుకే అక్కడ పనిచేసే రాళ్ళవాళ్ళు సందులోకి పోకుండా నడుముకు పొట్టి తాడు కట్టుకునేవారు. మా కేబుల్‌కి గుండు మీద ఇనుప బ్రాకెట్ బిగిస్తున్న బాలయ్య కూడా కట్టుకున్నాడు. కానీ సుత్తె చేయిజారి సందులో పడింది. అది వాళ్ళ నాన్న సుత్తె. నేను వద్దని అరుస్తూనే ఉన్నాను, అతను తాడు వదులు చేసుకుని లోపలికి అడుగేశాడు. వంగబోతూ అలాగే ఉండిపోయాడు.

మధ్యాహ్నం అతని భార్య లచ్చమ్మ సద్దిగిన్నె పట్టుకుని వచ్చింది. ఏడుస్తుందనుకున్నాను. సందు ముందు కూర్చుని చాలాసేపు లోపలికి చూసి, "ఎట్ల తియ్యాలె సారు?" అని అడిగింది.

నాకు తెలిసింది కేబుల్ లాగడమొక్కటే. సీసపు తొడుగున్న కేబుల్‌ని పైపులోంచి కుదిపి లాగితే తొడుగు చిరిగిపోతుంది. ఆగకుండా, కుదపకుండా లాగాలి. దానికి రాచెట్ వించ్ అని ఒక చిన్న యంత్రం ఉంటుంది. పిడి తిప్పితే పళ్ళచక్రం ఒక పన్ను ముందుకు జరుగుతుంది, వెనక్కి జారదు. స్టోర్‌లో మూలపడి ఉన్నదాన్ని తెచ్చి, బయట మిగిలిన తాడు కొసను దానికి కట్టాను. ఒక్క పన్ను తిప్పి ఆగాం. సాయంత్రానికి బాలయ్య నడుము దగ్గర చొక్కా ముడత కాస్త జరిగినట్టు లచ్చమ్మే కనిపెట్టింది.

"రోజుకు ఒక్కటే. అంతకు మించితే అతని నడుము విరుగుతుంది" అన్నాను. "ఎన్నేళ్ళు పడుతుందో నేను చెప్పలేనమ్మా."

"పట్టనియ్యి సారు. నాకింకేం పనుంది."

పనికేం, ఆమెకు చేతినిండా ఉండేది. సుల్తాన్ బజార్‌లో కూరగాయలు అమ్మేది. అయినా పొద్దున్నే వచ్చి పన్ను తిప్పి, సద్దిగిన్నె పక్కన పెట్టుకుని కాసేపు కూర్చుని గానీ బజారుకు పోయేది కాదు. ఎండకు, వానకు తాడు చివికితే నేను స్ప్లైస్ చేసేవాణ్ణి, అంటే పేటలు విప్పి కొత్త తాడు అల్లి కలపడం. కేబుల్‌ని వేరే దారిన తిప్పేశాం. నన్ను బషీర్‌బాగ్ ఆఫీసుకు మార్చారు. అయినా ఆదివారాలు వెళ్ళేవాణ్ణి. నీకెందుకయ్యా ఈ పీకులాట అని తోటివాళ్ళు నవ్వారు. నవ్వనీ అనుకున్నాను.

ఒకనాడు బాలయ్య తమ్ముడు రాములు పదిమందిని వెంటబెట్టుకొచ్చాడు.

"వదినా, ఎన్నేండ్లు గిట్ల కూసుంటవ్? అన్న పోయిండనుకో, దినాలు చేద్దాం. కాదంటే అందరం ఒక్కపారి గుంజుతం. ఏదో ఒకటి తేలిపోతది."

"కండ్లకు అవుపడుతున్న మనిషికి దినాలేంది?" అని ఆమె లేచి, తాడును తన నడుముకు చుట్టుకుంది. "గుంజుండ్రి. ముందు నన్ను గుంజుండ్రి."

ఎవరూ చెయ్యి వెయ్యలేదు. రాములు అందర్నీ తీసుకుని వెళ్ళిపోయాడు.

"రోజూ ఆ సద్ది ఎందుకమ్మా? అతను తినేదీ లేదు కదా" అని ఆ రోజే అడిగాను.

"ఏ దినం వస్తడో నాకేమెరుక సారు? ఆకలితోని ఉన్నడు."

బాలయ్య 1969లో ఒక ఆదివారం బయటపడ్డాడు. మొదట మడమ సందు దాటింది, తర్వాత వీపు. ఆఖరికి మనిషి మొత్తం వెల్లకిలా వచ్చి మా మీద పడ్డాడు. ఇన్నేళ్ళలో వంగి అందుకున్న సుత్తె అతని చేతిలో ఉంది. గడ్డం కూడా పెరగలేదు.

"దొరికింది సారు" అని నాకు సుత్తె చూపించాడు. తర్వాత భార్య వైపు తిరిగాడు. "సద్ది తెచ్చినవా?" అంటూ ఆగి, ఆమె తల వంక వింతగా చూశాడు. "నెత్తి గిట్ల తెల్లగైందేంది? సున్నమేమన్న పడ్డదా?"

"ఔ. ఇంటికి పోయినంక కడుక్కుంట తియ్యి" అంది లచ్చమ్మ. "ముందుగాల తిను."

అతను తింటుంటే నేను అటు తిరిగి ఏడ్చాను.

తర్వాత ఎందరో కొత్తవాళ్ళకు కేబుల్ లాగడం నేర్పాను. ఈ పని ఎప్పటికి తెమలుతుంది సార్ అని విసుక్కుంటే, ఇవాళ్టి పన్ను తిప్పావా అని అడిగేవాణ్ణి. ఇంకోటి కూడా అడిగేవాణ్ణి, సద్ది తెచ్చుకున్నావా అని. వాళ్ళు నవ్వేవారు. నేను మాత్రం నవ్వడానికి అడిగేవాణ్ణి కాదు.