నంబరు దాచుకున్న జేబుదొంగ

మొన్న ఆదివారం మా మనవడు టీవీలో ఒక బొమ్మల సినిమా చూస్తూ కూర్చున్నాడు. అందులో పదేళ్ళ గుంటడొకడు పెద్దయితే లోకాన్ని గడగడలాడించే దుర్మార్గుణ్ణి అవుతానని పట్టుబడితే, వాళ్ళమ్మ వాడికి నల్ల అంగీ కుట్టిపెడుతుంది, వాళ్ళ నాన్న అద్దం ముందు నిలబెట్టి వికటాట్టహాసం నేర్పుతాడు, చివరికి వాడు ఊరి గడియారాన్ని ఎత్తుకొస్తే ఊరంతా చేరి చప్పట్లు కొడుతుంది. మనవడు పడీపడీ నవ్వాడు, కోడలూ నవ్వింది. నాకు మాత్రం ఒళ్ళు మండిపోయింది. చప్పట్లట! నేనూ ఆ ఈడులో దుర్మార్గం నేర్చుకున్నదాన్నే, మా ఇంట్లోనూ దగ్గరుండి నేర్పారు, మరి నాకేం కొట్టారు? నా మొహం చూసి ఏమయింది నాయనమ్మా అని వాడు అడిగాడుగానీ, అరవై ఏళ్ళ నాటి కోపం వాడికేం అర్థమవుతుంది, నా ఈడువాళ్ళు మీకయితే చెప్పుకోవచ్చు.

మా ఖరగ్‌పూర్‌లో రైల్వేవాళ్ళ పిల్లలకి ఏటా చలికాలంలో ఆటల పోటీలు జరిగేవి. గోనెసంచుల్లో కాళ్ళు పెట్టి గెంతడాలు, చెంచాలో నిమ్మకాయ పెట్టుకుని నడవడాలు అన్నీ అయ్యాక, సాయంత్రం ఎండ చల్లబడే వేళకి అందరూ ఎదురుచూసే ఆట వచ్చేది. దాన్ని బెంగాలీలూ మనవాళ్ళూ కూడా ‘గో యాజ్ యు లైక్’ అనే అనేవారు. ఎవరికి నచ్చిన వేషం వాళ్ళు వేసుకుని జనంలో కలిసిపోయి తిరగాలి, జడ్జీలు చూసి మార్కులు వేస్తారు, ఆట అయిందని విజిలు ఊదేదాకా ఎవరేమన్నా వేషంలోంచి బయటకి రాకూడదు. ప్రతి ఏడూ అవే బిచ్చగాళ్ళు, అవే సోది చెప్పేవాళ్ళు, వెండి కాగితం రెక్కలు కట్టుకుని ఉన్నచోటనే నిలబడే అవే దేవకన్యలు. ప్రతి ఏడూ ఆ దేవకన్యలకే, అంటే బంగళాల్లో ఉండే ఆఫీసర్ల అమ్మాయిలకే, మొదటి బహుమతి.

నాకు పదకొండో ఏడు నడుస్తుండగా నేను జేబుదొంగ వేషం వేస్తానన్నాను. దానికి కారణం మా నాన్నే. ఆయన వర్క్‌షాపులో ఫిట్టరు. ఒకనాడు గోల్‌బజార్‌లో చేపలు కొంటుండగా ఎవడో ఆయన జేబులోంచి ఖైనీ పొగాకు డబ్బా కొట్టేశాడు. ఇంకొకరైతే ఆ దొంగని నోటికొచ్చినట్టు తిట్టేవారు, మా నాన్న మాత్రం ఇంటికొచ్చి అరుగుమీద కూర్చుని ఆశ్చర్యపోతూ, “సెయ్యి పడినట్టు తెలిస్తే ఒట్టు. పనోడంటే ఆడే” అన్నారు. పనితనం ఎవరి చేతిలో ఉన్నా మెచ్చుకునే మనిషి ఆయన. నన్నూ అలా మెచ్చుకోవాలని నాకు ఆ పూటే అనిపించింది.

ఆడపిల్లకి దొంగ వేషమేమిటని అమ్మ రెండు రోజులు మాట్లాడ్డం మానేసింది. నాన్న మాత్రం సరేనని, రోజూ పనినుంచి రాగానే చొక్కా విప్పకుండా నాకోసం ఇంట్లో అటూ ఇటూ తిరిగేవారు. మొదటి వారం నా చెయ్యి పడగానే కిందటి జన్మలోనే తెలిసిపోయిందనేవారు. రెండోవారం దువ్వెన తీశాను. మూడోవారంలో ఒక పొద్దున్న ఆయన హాజరుకి చూపించే ఇత్తడి బిళ్ళ తీసేసి, తిరిగి పెట్టడం మరిచిపోయి బడికి వెళ్ళిపోయాను. పాపం వర్క్‌షాపు గేటు దగ్గర జేబులన్నీ తడుముకుని తెల్లమొహం వేసుకుని నిలబడ్డారట. సాయంత్రం వీపు పగులుతుందని వణుకుతూ వస్తే, ఆయన పక్క క్వార్టరువాళ్ళని కూడా పిలిచి నా ఘనత వర్ణించి చెబుతున్నారు. ఆ రోజుతో అమ్మ కూడా మెత్తబడి, మీసం దిద్దడానికి కాటుక తానే తీసింది.

అసలు గురువు మా నాయనమ్మ. పూజా మడీ తప్ప ఇంకో లోకం లేని మనిషి, నేను ఓరచూపులు చూస్తూ పిల్లిలా నడుస్తుంటే భరించలేక జపమాల పక్కన పెట్టి లేచింది. “దొంగ సూపులు సూడకే గుంటా. దొంగోడు దొంగలాగుంటాడేటి? కోవెలకెల్తన్నట్టు నడు” అంది. పోటీనాడు నాన్న పాత చొక్కా, లుంగీ, మెడలో గంచా తువ్వాలు, కాటుక మీసంతో నేను తయారయ్యాక, పోటీలో ఉన్నవాళ్ళమని తెలియడానికి గుండెమీద గుచ్చుకోమని ఇచ్చిన నంబరు కాగితం చూసి మళ్ళీ ఆవిడకే కోపమొచ్చింది. ఏ దొంగోడు గుండెకి నంబరెట్టుకుని తిరుగుతాడని నిలదీసింది. నిజమేకదా అనిపించి దాన్ని చొక్కా లోపల గుచ్చుకున్నాను. మేము చేసిన తప్పేమన్నా ఉంటే అదొక్కటే, అది కూడా వేషంమీది భక్తితో చేసినదే.

ఆ సాయంత్రం నేను పనిచేసినట్టు నా జీవితంలో మళ్ళీ ఏ పనీ చెయ్యలేదు. కోవెలకి వెళ్తున్నట్టే జడ్జీల బల్ల వెనక నడిచాను. అక్కడ కూర్చున్న మేమ్‌సాబ్ సంచీలోంచి కళ్ళజోడు డబ్బా, పోటీ నడిపించే మాస్టారి కోటు జేబులోంచి విజిలు తీశాను. చిన్న ఇత్తడి విజిలు. దాన్ని బల్ల ముందుకెళ్ళి నేనే ఊది, తీసినవన్నీ వరసగా పెట్టి సలాం కొట్టడం మా ఇంటిల్లిపాదీ కలిసి ఆలోచించిన ముగింపు. మొదటి బహుమతి నాదేనన్న ధీమాతో నాలుగడుగులు వేశానో లేదో, మాస్టారు ఆట ముగించడానికి విజిలుకోసం జేబు తడుముకున్నారు. మేమ్‌సాబ్ సంచీ చూసుకుంది. చోర్ చోర్ అని కేకలు లేచాయి, చౌకీదారు వచ్చి నా చెవి పట్టుకున్నాడు.

విజిలు ఊదేదాకా వేషం విడవకూడదు. ఆ విజిలేమో నా జేబులో ఉంది. అందుకని వస్తువులేవని హిందీలో అడిగితే నాకేం తెలీదన్నాను, తీశావా అంటే లేదన్నాను. చౌకీదారు నా గంచా లాగేసి, జేబులోంచి రెండూ తీసి అన్నీ బల్లమీద పడేశాక ఇక లాభంలేదని ఏడుస్తూ చొక్కా తెరిచి లోపలి నంబరు చూపించాను. అక్కడితో అందరూ నవ్వేసి ఉంటే నేనీవేళ ఇది రాసేదాన్ని కాదు. మేమ్‌సాబ్ ఆ కాగితాన్ని చూసి, నన్ను కిందనుంచి పైదాకా చూసి, “నంబర్ భీ చురాయా హోగా” అంది. నంబరు కూడా కొట్టేసి ఉంటానట! ఖలాసీ లైన్ల పిల్లలకి, అంటే మాలాంటి పనివాళ్ళ పిల్లలకి, చేతివాటం పుట్టుకతోనే వస్తుందని పక్కనున్నావిడకి చెప్పింది. ఆఫీసరు కూతురు కాటుక మీసం పెట్టుకుంటే అది వేషం, ఫిట్టరు కూతురు పెట్టుకుంటే అది బుద్ధి! ఆ గొడవలో పోటీ అయిపోయిందని మైకులో చెప్పేశారు. వెండి రెక్కల పిల్లకి బహుమతి ఇచ్చేశారు. విజిలు ఎవరూ ఊదలేదు.

జనంలోంచి నాన్న పరుగెత్తుకొచ్చారు. వచ్చి పోట్లాడతారనుకున్నాను. ఆ మేమ్‌సాబ్ భర్త నాన్న పనిచేసే వర్క్‌షాపుకి ఆఫీసరన్న సంగతి నాకప్పుడు తెలియదు. నాన్న బల్లమీదికి వంగి రెండు చేతులూ జోడించి మాఫ్ కీజియే అన్నారు, నాచేత కూడా అనిపించారు. బల్లమీద పడి ఉన్న నా గంచా తీసుకుని నన్ను సైకిలు వెనక కూర్చోబెట్టుకున్నారు. ఇల్లు చేరేదాకా ఆయన వీపు చూస్తుంటే నాకు అసహ్యమేసింది. కన్నతండ్రిమీద అంత మాట రాస్తున్నందుకు ఇప్పుడు సిగ్గుపడుతున్నాను.

అరుగుమీద కూర్చోబెట్టి ఆయన గంచా మడత విప్పారు. అందులో ఇత్తడి విజిలు ఉంది. నాయనమ్మ రామ రామ అంది గానీ తిరిగి ఇచ్చి రమ్మని మాత్రం అనలేదు. నాన్న నా వైపు చూసి, “నెల్లాళ్ళు నా జేబే కొట్టినావు గదే, నాకు మాత్రం సెయ్యి తిరగదేటి?” అన్నారు. తరవాత దాన్ని నా అరచేతిలో పెట్టి, “ఊదీ అమ్మా. ఊదితేగానీ ఆట అవదు గదా” అన్నారు. ప్రైజు ఇచ్చేదాకా ఊదనని నేను ఏడుస్తూ మొండికేశాను. సరే, నీ ఇష్టం అన్నారాయన.

నాన్న పోయి ముప్పై ఏళ్ళయింది. ఇప్పుడు మేము ఖరగ్‌పూర్‌లోనే తాల్‌బగీచాలో ఇల్లు కట్టుకుని ఉంటున్నాం, మనవడి బళ్ళో వేషాలకి బట్టలు అద్దెకు తెస్తారు, దుర్మార్గుడి వేషమైనా ఎవరూ అడ్డు చెప్పరు, వేసినవాళ్ళందరికీ తలా ఒక కప్పు ఇస్తారు. మంచిదే, నాకు కడుపుమంట లేదు. కాని ఆ సినిమా అయ్యాక వాడు నా పెట్టె కెలికి విజిలు బయటకి తీసి నోట్లో పెట్టుకోబోతుంటే నేను అరిచిన అరుపుకి కోడలు వంటింట్లోంచి పరుగెత్తుకొచ్చింది. ఎందుకు ఊదకూడదని వాడు బిక్కమొహం వేసుకుని అడిగాడు. ఆట ఇంకా అవలేదురా, జడ్జీలు నా నంబరు చూడలేదు అన్నాను.