తుంగచాప మీద రాజుగారు

1937 వేసవిలో తాడేపల్లిగూడెంలోని ఒక రైసుమిల్లు కళ్ళంలో రాజసభ సెట్టు వేయమని మా కంపెనీ నన్ను పంపింది. మాటల సినిమాలు వచ్చిన కొత్త. ఎండ ధారాళంగా ఉంటుందని ఆరుబయటే షూటింగు. నా హోదా ఆర్టు డైరెక్టరు. అంతకుముందు నాటకాలకు తెరలు చిత్రించేవాణ్ణి, ఆ చదువు చాలనుకున్నాను.

సింహాసనం ముందు పరచడానికి ఏలూరులో మస్తాన్ గారి తివాసీ అడిగాను. తివాసీల నేతలో ఆయనది అందెవేసిన చెయ్యి. ఎర్రటి నేల మీద ఆకుపచ్చ లతలు, ఏడాది పాటు నేసినది. అద్దె వద్దన్నారు, తెర మీద నలుగురికీ కనబడితే చాలన్నారు. కనబడుతుందని మాటిచ్చేశాను.

షూటింగుకు ముందురోజు కెమెరామన్ టెస్టుకని ఫిల్ము ముక్క తీసి, కడిగించి చూపించాడు. ఎరుపూ ఆకుపచ్చా ఒకే బూడిదరంగులో కలిసిపోయాయి. లతలు లేవు, పువ్వులు లేవు, రాజుగారి ముందు ఎవరో బురద అలికినట్టుంది. రంగులు నలుపు తెలుపుల్లో ఎలా పడతాయో చూసుకోవడానికి కెమెరామన్ మెడలో ఒక నీలం అద్దం ఉంటుంది. అన్నాళ్లూ దాన్ని నేను అలంకారం అనుకున్నాను.

అప్పటికప్పుడు కొల్లేటి తుంగచాపలు బండెడు తెప్పించి, కలిపి కుట్టించి, సున్నంతో, దీపపుమసితో అదే లత దించాను. కంటికి పరమ వికారం, నీలం అద్దంలో మహా వైభవం. చాప మీద అడుగేస్తే కిర్రుమంటోందని సౌండు ఇంజనీరు మాత్రం గోల పెట్టాడు. దాంతో రాజు వేషగాణ్ణి కదలకుండా నిలబెట్టాం. రాజఠీవి అంటే అదేనని డైరెక్టరు అతనికి నచ్చజెప్పాడు. కోపంతో వేసే ఒక్క అడుగు మాత్రం కథలో తప్పలేదు.

తివాసీ తిరిగిచ్చేటప్పుడు నిజం చెప్పడానికి నోరు రాలేదు. సినిమా ఏలూరు రాగానే మస్తాన్ గారు ఇంటిల్లిపాదినీ, వీధిలో సగంమందినీ వెంటబెట్టుకుని వెళ్లి, నన్ను పక్కన కూర్చోబెట్టుకున్నారు. లత కనబడగానే ఆడవాళ్ల వైపు నుంచి ఆయన భార్య గొంతు వినబడింది. "అదేనండీ, మనదే." సరిగ్గా అప్పుడే రాజుగారు ఆ ఒక్క అడుగూ వేశారు.

బయటికొచ్చాక మస్తాన్ గారు నన్ను పక్కకు పిలిచారు.

"మా తివాసీ మీద ఏనుగు నడిచినా చప్పుడు రాదండీ. అది చాపేనా?"

అవునని ఒప్పుకుని, రంగుల సంగతంతా చెప్పి, తప్పయిందన్నాను. ఆయన వెనక్కి తిరిగి చూశారు. కొంచెం దూరంలో ఆయన భార్య చేతులు తిప్పుతూ పక్కింటావిడకు లతల గురించి చెబుతున్నారు.

"మా ఇంట్లో మాత్రం చెప్పకండి," అన్నారు నావైపు తిరిగి. "ఆ ఉన్నికి రంగులు వేసింది ఆవిడేనండీ."

నేను చెప్పలేదు. ఆ తర్వాత ఉద్యోగంలో ఉన్నన్నాళ్లూ అరువు తెచ్చే ప్రతి వస్తువునూ ముందు నీలం అద్దంలోంచి చూశాను. తర్వాత ఆ అద్దాన్ని వస్తువు యజమాని చేతికిచ్చి, చూడమన్నాను. కొందరు చూసి, వస్తువు ఇచ్చేది లేదన్నారు. వాళ్లతో నాకు పేచీ లేదు.