దర్గాకని బయలుదేరి ఆత్మకూరులో దిగే పెద్దమ్మ

మా పెద్దమ్మ పోయింది. పొద్దున్నే దోసెలు పోస్తుంటే ఆమె కొడుకు ఫోన్ చేశాడు. "అక్కా, అమ్మ పొయ్యింది. నిద్దట్లోనే పొయ్యింది," అన్నాడు. ఆ వెంటనే ఇంకో మాట అన్నాడు. "నువ్వు తొందరగా రా. నీళ్లు పోసేదానికి ఇక్కడ ఆడోళ్లు వెనకాడతా ఉండారు." ఏడవాల్సినదాన్ని, ఒళ్లు మండిపోయి అట్లాగే నిలబడ్డాను. పెనం మీద దోసె మాడి బొగ్గయింది.

ఎందుకు వెనకాడారో నాకు తెలుసు. మా పెద్దమ్మకు గర్భసంచి జారింది. ఆ మాట నోటితో అనడానికే మా వాళ్లకు రోత. అందుకే నేను అంటున్నాను, ఇక్కడ రాస్తున్నాను కూడా. గర్భసంచి. అదేం బూతు కాదు. అన్నవాళ్లూ విన్నవాళ్లూ అందరూ నవమాసాలు కాపురమున్న చోటే.

వాళ్లది మర్రిపాడు దాటి లోపలికి పోయే ఒక పల్లె. ఊరి పేరు రాయను, కారణం చివర్లో మీకే తెలుస్తుంది. గొర్రెలు, కాస్త మెట్ట చేను వాళ్ల బతుకు. కాన్పు మీద కాన్పు, పురిటి స్నానం కాకముందే నెత్తిన నీళ్ల బిందె, మేత మోపు. చివరి కాన్పు తర్వాత కింద ఏదో బరువుగా వేలాడినట్టు మొదలైంది. వయసు మీదపడే కొద్దీ అది బయటికే వచ్చేసింది. గుడ్డ గోచీ బిగించుకుని దాని మీదే ఏళ్లు నెట్టింది. దగ్గితే చీర తడిచేది. ఒరుసుకుని పుండ్లు పడేవి. వాసన వచ్చేది. ఆ వాసన నాకూ తెలుసు, నేనూ కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకున్నదాన్నే. కానీ ఆ ఇంట్లో మనుషులు చేసిన పని ముందు ఆ వాసన ఏపాటిది?

ఆమె మంచం తీసుకుపోయి గొర్రెల దొడ్డి పక్క వసారాలో వేశారు. ఆమె కూర్చుని లేవగానే కోడలు ఆ చోట నీళ్లు చల్లేది. పేరంటాలకు పిలుపులు ఆగిపోయాయి. మా పెద్దమ్మ కబుర్ల మనిషి. చింతపండు గింజలు తీస్తూ నలుగురి మధ్య కూర్చోనిస్తే ఆమెకు అన్నం కూడా అక్కర్లేదు. ఆమె కోరిందల్లా అదొక్కటే, నలుగురిలో కూర్చోవడం. అదే ఆమెకు లేకుండా చేశారు.

ఒకసారి నేను పోయినప్పుడు ఒక గొర్రె ఈనింది. ఈనిన కాసేపటికి దాని గర్భసంచి మొత్తం బయటపడింది. మా పెదనాయన తుండుగుడ్డ కూడా వేసుకోకుండా పరిగెత్తి పశువుల డాక్టరును బండి మీద ఎక్కించుకొచ్చాడు. శుభ్రమైన నీళ్లు కాచారు. ఇద్దరు మగవాళ్లు వెనక కాళ్లు ఎత్తి పట్టుకుంటే డాక్టరు కడిగి, నెమ్మదిగా లోపలికి తోసి, మళ్లీ జారకుండా తాడు కట్టు కట్టాడు. ఊళ్లో సగంమంది చుట్టూ చేరి చూశారు. ఒక్కడూ ముక్కు మూసుకోలేదు. పాపం నోరులేని జీవమని జాలిపడ్డారు.

మా పెద్దమ్మ దొడ్డి గుంజ పట్టుకుని, కాలు మీద కాలు వేసి బిగించుకుని నిలబడి ఉంది. నాకు మాత్రమే వినబడేట్టు అంది: "గొర్రెకు నోరు లేదు గాబట్టి డాక్టరొచ్చినాడు. నాకు నోరుండాదే, అదే నా ఖర్మ."

ఆ సాయంత్రమే నేను ఆత్మకూరు రమ్మన్నాను. మా ఇల్లు బస్సు డిపో దగ్గరే, తెలిసిన లేడీ డాక్టరు ఉంది. కొడుకు ససేమిరా అన్నాడు. ఈ వయసులో అదొకరికి చూపించడమేంది, నలుగురూ నవ్వరా అని వాడి బాధ. తల్లి చీర తడవడానికి నవ్వని నలుగురు డాక్టరు దగ్గరికి పోతే నవ్వుతారట. పెదనాయన చుట్ట వెలిగించుకున్నాడు. మొగుళ్ల మౌనం అంటే నాకు అప్పట్నుంచీ అసహ్యం.

ఉపాయం ఆమెదే. ఏ.ఎస్. పేట దర్గాకు పోయొస్తానంటే మా పక్క ఏ ఇంట్లోనూ కాదనరు, మొక్కుకు అడ్డం చెప్పినవాడు ఉండడు. పోవాలంటే ఆత్మకూరులో బస్సు మారాలి. ఆమె మారలేదు, దిగింది.

డాక్టరు చూసి, ఆపరేషను సంగతి తర్వాత ఆలోచిద్దాం, ముందు రింగు పెట్టి చూద్దామంది. మెత్తటి గుండ్రటి రింగు. అది లోపల గర్భసంచిని ఎత్తి పట్టుకుంటుంది. తీసి కడిగి మళ్లీ పెట్టుకోవడం ఆమెకే నేర్పింది. బరువులు ఎత్తొద్దని, ముక్కొద్దని, మలబద్ధకం రానీయొద్దని, మూత్రం ఆపుకున్నట్టు బిగబట్టి వదలడం రోజూ చేయమని చెప్పింది. మా పెద్దమ్మ బల్ల దిగి అటు నడిచింది, ఇటు నడిచింది. "ఇంతేనా తల్లీ?" అంది. ఏళ్ల నరకానికి మందు ఇంతేనా అని. డాక్టరు ముఖం పక్కకు తిప్పుకుంది.

తిరుగు బస్సు కోసం పోయి స్టాండులో బెంచీ మీద, ముక్కూ ముఖం తెలియని ఆడవాళ్ల మధ్య ఇరుక్కుని కూర్చుంది. కోడళ్ల గురించి, కందిపప్పు గురించి మాట్లాడుతూ బస్సు వదిలేసుకుంది. తర్వాతి బస్సు కూడా.

వచ్చినప్పుడల్లా ఇంటికి ఆ స్టాండులోనే బొరుగులు, బత్తాసులు కొనుక్కుపోయేది. వాళ్లు దర్గా ప్రసాదమని కళ్లకద్దుకుని తినేవాళ్లు. వాసన పోయింది, నడక మారింది, మంచం వసారాలోంచి నడవలోకి వచ్చింది. ఊరంతా దర్గా స్వామి మహిమ అంది. ఆమె కాదనలేదు. చెకప్‌కు వచ్చినప్పుడు వీలైతే నిజంగానే పేటకు కూడా పోయి దండం పెట్టుకునేది. "పెట్టింది డాక్టరమ్మ, నిలబెట్టేది ఆయన. ఇద్దురికీ చెప్పుకుంటే పోలా," అనేది. గింజలు తీస్తూ పెదాలు కదిలిస్తూ బిగబట్టడం, వదలడం చేసుకునేది. ఊళ్లో అది జపం అనుకున్నారు. అనుకోనీలే అని ఊరుకుంది.

పెదనాయన పోయి ఆమె గాజులు పగలగొట్టినప్పుడు నేను ఏడుస్తుంటే, నా చెవిలో, "ఏడవబాక మే. ఒక గాజుండాది నాకు, దాన్ని ఎవురూ పగలగొట్టలేరు," అంది. చావింట్లో నాకు నవ్వాగలేదు.

మహిమ మాట పాకేసరికి ఇదే బాధ ఉన్న ఆడవాళ్లు చాటుగా ఆమె దగ్గరికి రావడం మొదలుపెట్టారు. ఏ వారం పోవాలి, ఏం మొక్కాలి అని. శుక్రవారం నాతో రాండి, దోవలో మా చెల్లెలి కూతురి ఇంట్లో కాఫీ తాగి పోదామనేది. అట్లా ఒక్కొక్కరినీ మా ఇంటికి తెచ్చి, కాఫీ తాగించి, డాక్టరు దగ్గరికి నడిపించింది. కొందరికి రింగు, ఒకామెకు ఆపరేషను. తిరిగి పోయేటప్పుడు అందరి చేతుల్లోనూ బొరుగుల పొట్లాలే.

బాగయ్యిందని చెప్పుకున్నా పాత రోత పోక, ఆ మనిషికి నీళ్లు పోయడానికి చేతులు రాలేదు వాళ్లకు. నేనే పోశాను. రింగు తీసి, కడిగి, ఆమె సబ్బు పెట్టెలోనే పెట్టి నా సంచిలో వేసుకున్నాను. చీర అడ్డం పట్టుకున్న కోడలు ముఖం తిప్పుకోలేదు. కన్నార్పకుండా ఆ రింగునే చూసింది. అప్పుడు నాకేమీ తట్టలేదు.

దినం నాడు బంధువులు వేటమాంసం తిని, చేతులు కడుక్కుని, ఆమె ఫోటో ముందు కూర్చున్నారు. ఎంత ఓర్పు అని ఒకాయన. ఏనాడూ నాకిది కావాలని నోరు తెరిచి అడగలేదని ఇంకొకాయన. కొడుకు కళ్లు తుడుచుకున్నాడు.  అడగనిచ్చారా మీరు?

ఆ కొడుకే పెళ్లాన్ని ఆ అన్నం డేగిసా ఎత్తమని కేకేశాడు. ఆమె ఎత్తలేదు. దొడ్డి గుంజ పట్టుకుని, కాలు మీద కాలు వేసి బిగించుకుని నిలబడి ఉంది. నా వైపు చూసి, మొగుడు వినేట్టు అడిగింది. "వదినా, శుక్రవారం నన్ను దర్గాకు తీసకపోతావా?"

పోనీలే, అమ్మకు అక్కడే గదా బాగయ్యింది అని వాడు పెద్దమనసుతో ఒప్పుకున్నాడు.

దర్గాకు కాదురా అని అక్కడున్న మీసాలన్నిటి ముందూ అరవాలనిపించింది. నోటిదాకా వచ్చింది. ఆమె కళ్లు వద్దన్నాయి. ఒకప్పుడు అత్త కూర్చున్న చోట నీళ్లు చల్లిన మనిషే. నాలుక కరుచుకుని, శుక్రవారం మొదటి బస్సుకు రమ్మన్నాను, బొరుగులు నేను కొని ఉంచుతానన్నాను. పోయొస్తానని చెప్పే నెపంతో దగ్గరికి పోయి, బిగబట్టడం, వదలడం ఎట్లాగో చెవిలో చెప్పాను.

వాళ్లింటి ఎదురుగానే బస్సెక్కి, అది కదిలాక కిటికీలోంచి చూశాను. ఆమె ఇంకా గుంజ పట్టుకునే ఉంది. పెదాలు మెల్లగా కదులుతున్నాయి.